88 మంది ఉన్న బత్రినా: ఐదు రోజుల ప్రయాణం

మొదటి రోజు: తిమిషోవారా నుంచి దోబ్ర

బత్రినా అంటే రుమేనియన్ భాషలో ముసలమ్మ. ఆ పేరుతో రుమేనియాలోని హునెదోవారా జిల్లా కొండల్లో ఒక కమ్యూన్ ఉందని, దేశం మొత్తం మీద అంతకంటే తక్కువ జనం ఉన్న కమ్యూన్ ఇంకొకటి లేదని రెండేళ్ళ క్రితం ఆఫీసులో భోజనాల దగ్గర ఒక మిత్రుడు చెప్పాడు. 2011 జనగణనలో అక్కడ 127 మంది ఉన్నారు. 2021 నాటికి 88 మంది మిగిలారు. ఆ 88 మందిలో వాళ్ళ పెద్దమ్మ ఒకరు. ఆ మాట విన్నప్పటి నుంచి నన్ను తీసుకెళ్ళమని అడుగుతూనే ఉన్నాను. ఈ అక్టోబర్‌లో కుదిరింది.

కమ్యూన్ అంటే ఏమిటో ముందు చెప్పాలి. మన గ్రామ పంచాయతీకి దగ్గరగా ఉంటుంది. కొన్ని ఊళ్ళు కలిసి ఒక కమ్యూన్. దానికి ఎన్నికైన ఒక ప్రిమార్, అంటే మన సర్పంచ్ లాంటి మనిషి, ఒక కౌన్సిల్, ఒక ఆఫీసు భవనం ఉంటాయి. దేశంలో ఇలాంటివి 2,800 పైచిలుకు ఉన్నాయి. చాలావాటిలో రెండు, మూడు వేల మంది ఉంటారు. బత్రినా కిందికి నాలుగు ఊళ్ళు వస్తాయి: బత్రినా, ఫత్సా రోషియే, ప్యాత్రా, రకిత్సావా. నాలుగింటికీ కలిపి 88 మంది. అంటే ఊరికి సగటున 22 మంది.

పొద్దున్నే కారులో, రుమేనియా పడమటి వైపున్న తిమిషోవారా నగరం నుంచి బయల్దేరాం. లుగోజ్ దాకా నేల చదును. బల్లపరుపు పొలాలు, కోత అయిపోయిన మొక్కజొన్న మోళ్ళు, రోడ్డుకి రెండువైపులా పొడుగాటి ఊళ్ళు. ఫజెత్ దాటాక భూమి మెల్లగా లేవడం మొదలుపెట్టింది. మార్జినాకీ హోల్ద్యాకీ మధ్య హైవే తెగిపోయి ఉంది. మేం వెళ్ళేనాటికి ఆ ముక్క పని సాగుతూనే ఉంది, బండ్లన్నీ అడవిలోని పాత రోడ్డు మీదే పోతున్నాయి. పెద్ద పెద్ద లారీల వెనక నత్తనడకన వెళ్ళాం. అక్కడ సొరంగాలు తవ్వడానికి ఒక కారణం ఎలుగుబంట్లు. అవి ఒక అడవి నుంచి ఇంకో అడవికి దాటే దారి అదే కాబట్టి, పైన అడవిని అలాగే ఉంచి కింద నుంచి రోడ్డు పోనిస్తున్నారు. ఎలుగుబంటి దారి కోసం హైవే ఆగడం నాకు చాలా నచ్చింది. రోజూ ఆ లారీల వెనక పడే జనానికి ఎంత విసుగ్గా ఉంటుందో కూడా అర్థమైంది.

హోల్ద్యా దాటాక లపూజు దె సుస్ అనే ఊరు వస్తుంది. భూగర్భ శాస్త్రం చదివినవాళ్ళకి ఆ పేరు బాగా తెలుసు. సుమారు కోటిన్నర ఏళ్ళ క్రితం ఇక్కడ వెచ్చని సముద్రం ఉండేది. దాని నత్తగుల్లలూ ఆల్చిప్పలూ ఇప్పటికీ వాగు గట్లలోని మట్టిలో దొరుకుతాయి. మేం వాగులోకి దిగలేదు. రోడ్డు పక్కన కారు ఆపి ఆ గట్లను చూశాం, అంతే. మేం ఎక్కబోయే కొండల పాదాల దగ్గర ఒకప్పుడు కెరటాలు కొట్టేవన్న మాట మాత్రం దారంతా మనసులో ఉండిపోయింది.

రాత్రికి దోబ్రలో ఆగాం. మురేష్ నది లోయ అంచున ఉన్న ఊరు. ఆ నది ఇక్కడి నుంచి పడమటికి పోయి హంగేరీలో తీసా నదిలో కలుస్తుంది. దక్షిణం వైపు కిటికీ తీస్తే పోయానా రుస్కా కొండలు నల్లగా కనిపించాయి.

రెండో రోజు: కొండ మీదికి

పోయానా రుస్కా పెద్ద పర్వతాలేం కావు. అన్నిటికంటే ఎత్తైన పదెష్ శిఖరమే 1,380 మీటర్ల చేరువలో ఉంటుంది. ఇక్కడ చూడాల్సింది ఎత్తు కాదు, ఆ కొండల తీరు.

కొండ ప్రాంతం అంటే లోయలో ఊరు, ఊరి పక్కన ఏరు, పైన అడవి ఉంటాయని అనుకుంటాం. ఇక్కడ అంతా తలకిందులు. దోబ్ర నుంచి దక్షిణంగా వెళ్తుంటే లోయ ఇరుకైపోయింది. కొంతసేపటికి రోడ్డుకీ వాగుకీ తప్ప ఇంక దేనికీ చోటు లేదు. రెండు పక్కలా నిటారు గట్లు, వాటి నిండా బీచ్ అనే జాతి అడవి చెట్లు, ఆకులన్నీ రాగి రంగుకి తిరిగి ఉన్నాయి. ఇల్లు అన్నది లేదు. ఎండ కూడా సరిగా దిగడం లేదు. తర్వాత రోడ్డు వాగుని వదిలి మెలికలు తిరుగుతూ పైకెక్కింది. చెట్లు ఒక్కసారిగా ఆగిపోయాయి. ఎదురుగా ఆకాశం, దాని కింద మెత్తగా వంపులు తిరిగిన పచ్చిక, ఆ పచ్చిక మీద ఇళ్ళు.

ఇది చాలా పాత భూమి. కోట్ల ఏళ్ళ పాటు గాలీ వానా అరగదీసి పైభాగాన్ని దాదాపు చదును చేశాయి. తర్వాత ఆ భూమి పైకి లేచినప్పుడు వాగులు దాన్ని లోతుగా కోసేశాయి. అందుకే పైన పీట లాంటి నేల, కింద కత్తితో చీల్చినట్టుండే లోయలు. సాగుకి పనికొచ్చే నేలా ఎండా రెండూ పైనే దొరుకుతాయి కాబట్టి జనం పైనే ఇళ్ళు కట్టుకున్నారు. ఇలాంటి ఊళ్ళు ఈ కొండల్లో సుమారు 40 ఉన్నాయి. వీళ్ళని పదురేనీ అంటారు, అంటే అడవివాళ్ళు. పదురె అంటే అడవి. అడవి మధ్య ఉంటారే గానీ, వీళ్ళ బతుకంతా అడవిని నరికి చేసుకున్న ఈ పచ్చిక మీదే.

ఊళ్ళ పేర్లలో కూడా నేల కనిపిస్తుంది. ప్యాత్రా అంటే రాయి. రకిత్సావాలో రకితా ఉంది, అంటే నీటి ఒడ్డున పెరిగే ఒక జాతి చెట్టు, దాని బెత్తాలతో బుట్టలు అల్లుతారు. ఫత్సా రోషియే అంటే ఎర్ర ముఖం. ఎర్ర ముఖం అన్న ఊరేమిటని నేను ఆశ్చర్యపోతే మిత్రుడు విడమరిచాడు. కొండకి ఎండ పడే వైపుని రుమేనియన్లు ఫత్సా, అంటే ముఖం అంటారట. నీడ పడే వైపుని దోస్, అంటే వీపు అంటారట. కొండని మనిషిలా చూసే మాట. ఈ చలి దేశంలో ఎండ పడే వైపు ఇల్లు ఉందా, వీపు వైపు ఉందా అన్నదాని మీదే బతుకు ఆధారపడి ఉంటుంది.

మిత్రుడి పెద్దమ్మ గేటు దగ్గర నిలబడి ఉంది. ఎనభై దాటిన మనిషి. తలకి నల్ల గుడ్డ, కాళ్ళకి రబ్బరు బూట్లు. పెద్దవాళ్ళయిన ఆడవాళ్ళకి రుమేనియాలో "సరుత్ మునా" అని దణ్ణం పెడతారు. మీ చేయి ముద్దాడుతున్నాను అని దాని అర్థం. నేను ఆ మాట అనేసరికి ఆమె రెండు చేతులతో నా ముఖం పట్టుకుని నవ్వింది.

"ఇండియా నుంచా? మా చిన్నప్పుడు దోబ్రలో ఇండియా సినిమాలు వేసేవాళ్ళు. ఏడ్చి ఏడ్చి వచ్చేవాళ్ళం" అంది. ఒక పాటలో రెండు ముక్కలు పాడింది కూడా. మాటలు హిందీ కాదు, రుమేనియనూ కాదు. రాగం మాత్రం ఎక్కడా తప్పలేదు.

ఈ ప్రాంతంలో తనకంటే పెద్ద ఆడమనిషిని లేలే అని పిలుస్తారు, మనం అక్కా అన్నట్టు, వయసుని బట్టి పిన్నీ అన్నట్టు. నేనూ అలాగే పిలిచాను. ఆమె నన్ను పిలిచినదానికి తెలుగులో బిడ్డా అన్నదే సరైన మాట.

ఆమె ఇంట్లో రెండు గదులు. వెనక గదిలోనే ఆమె ఉండేది, అక్కడే పొయ్యి, మంచం, టీవీ. ముందు గది ఎవరైనా వస్తేనే తెరుస్తుంది. మా కోసం పొద్దున్నే ఆ గదిలో పొయ్యి వెలిగించి పెట్టింది. రాతి గోడలు వేడెక్కడానికి ఒక పూట పడుతుందట. మధ్యాహ్నం మమలీగా పెట్టింది. మొక్కజొన్న పిండితో చేసే సంకటి అది. దాని మీద గొర్రెపాల చీజ్, పక్కన మీగడ. చెక్క బల్ల మీద బోర్లించి దారంతో కోసింది. సంకటి తిని పెరిగిన నాకు ఆ దారంతో కోయడం ఒక్కటే కొత్త. మిగతాదంతా మా ఇంట్లో తిన్నట్టే ఉంది.

సాయంత్రం పెరట్లోకి వెళ్ళి నిలబడ్డాను. ఎదురు గట్టు మీది ఇళ్ళని చూస్తూ ఎన్నింటి పొగగొట్టాల్లోంచి పొగ వస్తోందో లెక్కపెట్టాను. ఒక చేతి వేలి కణుపులు కూడా దాటలేదు. పెంకులన్నీ బాగానే ఉన్న ఇళ్ళు, కిటికీలకి తెరలున్న ఇళ్ళు, గేటుకి కొత్త తాళం వేసిన ఇళ్ళు చాలానే ఉన్నాయి. వాటిలో పొయ్యి వెలగడం లేదు.

మూడో రోజు: ఊరి నుంచి ఊరికి

లేలే నాలుగున్నరకే లేచింది. మేం ఆరున్నరకి. అప్పటికే ఆవు పాలు పితికి, కోళ్ళకి గింజలు వేసి, పొయ్యి మీద నీళ్ళు పెట్టింది.

ఈ రోజంతా నడకే. గట్టు మీద ఒక ఊరి నుంచి ఇంకో ఊరికి పచ్చిక మధ్యగా బాటలు ఉన్నాయి. ఎదురుగా కనిపించే ఊరికి కూడా నేరుగా పోలేం, మధ్యలో లోయ ఉంటుంది. దిగి ఎక్కాలి, లేదంటే లోయ తల చుట్టూ తిరిగి రావాలి. కమ్యూన్‌లో నాలుగు ఊళ్ళు అని కాగితం మీద చదివినప్పుడు ఈ సంగతి తెలియదు. 88 మంది ఒక్కచోట ఉంటే అది ఒక వీధి. ఇక్కడ వాళ్ళు నాలుగు గట్ల మీద చెదిరి ఉన్నారు. మంచు పడిందంటే పక్క ఊరికి రొట్టె చేర్చడమే పెద్ద పని.

దారి పొడుగునా గడ్డివాములు. నేల మీద ఒక పొడుగు గుంజ పాతి, దాని చుట్టూ ఎండుగడ్డి పేర్చుకుంటూ పోయి, పైన మొన తేలుస్తారు. దూరం నుంచి చూస్తే గొంగడి కప్పుకుని నిలబడ్డ మనుషుల్లా ఉంటాయి. ఆ వాములని చూస్తూ మిత్రుడు నాకు ఈ కొండల్లో జనాభా లెక్క ఎలా చదవాలో చెప్పాడు. వామి ఉన్నచోట ఆ పచ్చికని కోసే మనిషి ఉన్నట్టు. వామి లేని పచ్చిక మీద ముందు ఎత్తు గడ్డి లేస్తుంది, తర్వాత ముళ్ళపొదలు, వాటి మధ్య బిర్చ్ చెట్ల మొక్కలు. ఒక చోట నా మోకాలి ఎత్తు మొక్కలు, పక్క చెక్కలో నా తల దాటిన చెట్లు. ఒక్కో చెక్కని చూపిస్తూ "వీళ్ళాయన పోయి ఐదేళ్ళు. ఇది దేవా పట్నానికి వెళ్ళినవాళ్ళది, పదిహేనేళ్ళు" అన్నాడు. చెట్ల ఎత్తుని బట్టి ఏ ఇల్లు ఎప్పుడు ఖాళీ అయిందో చెబుతున్నాడు. రెండు తరాల్లో అడవి తిరిగి వచ్చేస్తుంది. ఐరోపా యూనియన్ గడ్డి భూములకు హెక్టారు లెక్కన డబ్బిస్తుంది, కాబట్టి కొందరు కింది నుంచి వచ్చి కోసి వెళ్తున్నారు. ఆ సాయం లేకపోతే ఈపాటికి ఇంకా ఎక్కువ చెక్కలు చెట్లపాలయ్యేవి.

అడవి వస్తే మంచిదే కదా అని అడిగాను. అతను చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత అడవిపందుల సంగతి చెప్పాడు. అడవి ఇంటి గోడ దాకా వచ్చాక అవి రాత్రికి రాత్రి ఆలుగడ్డ మడిని తవ్వి పోతాయి. ముసలివాళ్ళు కంచెలు వేయలేరు. ఒక ఏడాది, రెండేళ్ళు చూసి ఆలుగడ్డ నాటడం మానేస్తారు. నాటడం మానేశాక ఇంకా అక్కడ ఉండడం దేనికని పిల్లలు అడుగుతారు.

బత్రినాలో కమ్యూన్ ఆఫీసు మీద మూడు రంగుల రుమేనియా జెండా, నీలం రంగు ఐరోపా జెండా పక్కపక్కన ఎగురుతున్నాయి. 1,500 మంది లోపు ఉన్న ఏ కమ్యూన్‌కైనా చట్టప్రకారం కౌన్సిల్‌లో 9 మంది ఉండాలి. 88 మందికీ అదే 9. సుమారుగా పది మందికి ఒక సభ్యుడు. ఇలాంటి చిన్న కమ్యూన్లని పక్కవాటిలో కలిపేయాలని, జీతాల ఖర్చు మిగులుతుందని రుమేనియాలో ఏళ్ళ తరబడి చర్చ జరుగుతోంది. తిమిషోవారాలో కూర్చుని వార్తలు చదివినప్పుడు నాకూ అది సబబుగానే అనిపించేది. ఇక్కడికి వచ్చాక అలా అనిపించడం లేదు. ఇంటిపన్ను కట్టాలన్నా, పింఛను కాగితం నింపాలన్నా, మంచులో ట్రాక్టర్ రావాలన్నా లేలే నడిచి వెళ్ళగలిగేది ఈ ఆఫీసుకే. కింద లోయలో ఉండే ఆఫీసుకి వెళ్ళడం ఆమె వల్ల కాదు. ఆ ఆఫీసు ఆమె దగ్గరికి వస్తుందన్న నమ్మకం నాకు లేదు.

జనగణన రోజులు ఆమెకి బాగా గుర్తున్నాయి. 2021లో జరగాల్సింది కోవిడ్ వల్ల జరగలేదు. ఆ డిసెంబర్ 1వ తేదీని లెక్కకి ఆధారంగా పెట్టుకుని 2022 ఫిబ్రవరి నుంచి జూలై దాకా చేశారు. ముందు ఎవరికి వాళ్ళు ఇంటర్నెట్‌లో నింపుకోమన్నారు. "నాకెక్కడ వస్తుంది బిడ్డా, ఆఫీసు పిల్ల వచ్చి రాసుకుంది" అంది లేలే. ఆ పిల్ల అడిగిన ప్రశ్నల్లో ఒకటి ఆమెని బాధపెట్టింది. ఇంట్లో ఎంతమంది ఉంటారు అన్నది. కొడుకు హునెదోవారా పట్నంలో, మనవరాలు ఇటలీలో. ఇద్దరి బట్టలూ ముందు గది బీరువాలో ఉన్నాయి. వాళ్ళ పేర్లు రాయమంటే కుదరదని చెప్పారు. ఏడాదిలో ఎక్కువ కాలం ఎక్కడుంటే అక్కడే లెక్క. వేసవిలో గడ్డి కోతకి కొడుకు పది రోజులు వస్తాడు, ఈస్టర్‌కి వస్తాడు, డిసెంబర్‌లో పందిని కోసేటప్పుడు వస్తాడు. ఆ రోజుల్లో ఈ గట్ల మీద 88 మంది కాదు, అంతకు ఎన్నో రెట్ల జనం ఉంటారు. దానికి కాగితంలో చోటు లేదు.

దేశం మొత్తం కూడా ఇలాగే తగ్గుతోంది. 1992లో రుమేనియా జనాభా 2 కోట్ల 28 లక్షలు. 2021లో 1 కోటి 90 లక్షలు. హునెదోవారా జిల్లా అయితే అదే కాలంలో సుమారు 5.5 లక్షల నుంచి 3.6 లక్షలకి పడిపోయింది. ఈ అంకెలన్నీ నాకు ముందే తెలుసు. తాళం వేసి ఉన్న బడి కిటికీలోంచి లోపలికి చూసినప్పుడు అవి వేరేగా తోచాయి. గోడకి ఇంకా పటం వేలాడుతోంది. బల్లలు ఒక మూలకి చేర్చి ఉన్నాయి. చిన్న పిల్లల బల్లలు. ఈ ఊళ్ళలో తిరిగిన రోజుల్లో మాకు ఒక్క పిల్ల గానీ పిల్లాడు గానీ ఎదురు కాలేదు.

సమాధుల తోటలో మాత్రం పూలు తాజాగా ఉన్నాయి. చాలా సమాధి రాళ్ళ మీద ఇద్దరి పేర్లు చెక్కి ఉంటాయి. ఒకరికి పుట్టిన సంవత్సరం, పోయిన సంవత్సరం రెండూ ఉంటాయి. పక్క పేరుకి పుట్టిన సంవత్సరం ఒక్కటే ఉండి, తర్వాత చోటు ఖాళీగా ఉంటుంది. లేలే తన రాయి దగ్గర ఆగి ఎండుటాకులు ఊడ్చింది. ఆమె పేరు పక్కన కూడా అలా ఖాళీ చోటు ఉంది. ఆమెకి అది మామూలు పని. నేను అటు తిరిగి నిలబడ్డాను.

నాలుగో రోజు: వాన, ప్లమ్ సారా

రాత్రి మొదలైన వాన ఆగలేదు. గట్లు మబ్బులో మునిగిపోయాయి. పెరటి కంచె తర్వాత ఏమీ కనిపించలేదు.

పొరుగింట్లో ట్సుయ్కా కాస్తున్నారంటే వెళ్ళాం. ఇది ప్లమ్ పళ్ళతో చేసే సారా. రాలిన పళ్ళని పీపాల్లో వేసి వారాల తరబడి పులియబెడతారు. తర్వాత రాగి బానలో పోసి, కింద సన్నమంట పెట్టి, ఆవిరిని చన్నీళ్ళ తొట్టిలోని గొట్టం గుండా పంపి చల్లారుస్తారు. ఒకసారి వచ్చినదాన్ని మళ్ళీ కాస్తారు. మంట ఎక్కువైతే అడుగంటి రుచి పాడవుతుంది. అందుకే రోజంతా ఒకరు బట్టీ పక్కన కూర్చోవాలి. అలా కూర్చోవడం దగ్గరే ఊరి కబుర్లన్నీ సాగుతాయి. నేను వెళ్ళేసరికి అక్కడ ఐదుగురు ఉన్నారు. అంటే కమ్యూన్ జనాభాలో పద్దెనిమిదో వంతుకి పైగా ఒకే కొట్టంలో ఉన్నారన్నమాట.

అక్కడ విన్నదాన్ని బట్టి ఈ ఊళ్ళు ఎలా ఖాళీ అయ్యాయో కొంత తెలిసింది. కమ్యూనిస్టుల కాలంలో మైదానాల్లో పొలాలన్నీ 1962 నాటికి సమష్టి క్షేత్రాల్లోకి పోయాయి. ఇంత నిటారు కొండల మీద అది కుదరక వీళ్ళ భూమి వీళ్ళ చేతిలోనే ఉండిపోయింది. భూమి నిలిచింది గానీ మగవాళ్ళు నిలవలేదు. హునెదోవారాలో ఉక్కు కర్మాగారం, గెలారిలో ఇనుప గనులు. నెలజీతం, అపార్ట్‌మెంట్, పిల్లలకి బడి. లేలే భర్త సోమవారం దిగి శనివారం ఎక్కేవాడట. పొలం, పశువులు, పిల్లలు అంతా ఆమే చూసుకుంది. "శనివారం నేను గేటు దగ్గర నిలబడేదాన్ని. ఇప్పటికీ శనివారం కాళ్ళు అటే పోతాయి" అంది. ఆ తర్వాత ఎవరూ ఏమీ అనలేదు. బట్టీ చూస్తున్న పెద్దాయన కట్టెలు సర్దాడు.

నాకు ఒక చిన్న గ్లాసులో పోసి ఇచ్చారు. ముందు గొంతు మండింది, తర్వాత ప్లమ్ గింజ వాసన చాలాసేపు నిలిచింది.

ఐదో రోజు: గెలారి మీదుగా హునెదోవారా

పొద్దున్నే వాన వెలిసింది. లోయలన్నీ తెల్లటి మబ్బుతో నిండిపోయి, గట్లు దీవుల్లా తేలుతున్నాయి. లపూజు దగ్గర తలుచుకున్న ఆ పాత సముద్రం తిరిగి వచ్చినట్టుంది. కాసేపు అలాగే నిలబడిపోయాం.

లేలే కొడుక్కి ఒక గోనెసంచి ఆలుగడ్డలు, ఒక సంచి అక్రోట్లు, మూడు సీసాల ప్లమ్ జామ్ కారులో పెట్టించింది. నాకు విడిగా ఒక సీసా.

కొండల తూర్పు వైపు దిగుతుంటే గెలారి వస్తుంది. ఇక్కడ రోమన్ల కాలం నుంచీ ఇనుము తవ్వారు. ఊరి స్థాయికి మించిన పెద్ద చర్చి ఒకటి ఉంది. 1939లో మొదలుపెట్టి 1973లో పూర్తి చేశారు. దాన్ని పదురేనీల కెథడ్రల్ అంటారు. యుద్ధం, ఆ తర్వాత చర్చిలంటే పడని ప్రభుత్వం, ఈ రెండింటినీ దాటుకుని గని కార్మికులు దాన్ని ఆఖరి దాకా కట్టారు. ఇప్పుడు గనులు మూతపడ్డాయి. కింద లోయలో గోవజ్దియే దగ్గర 1800 తొలి ఏళ్ళలో కట్టిన రాతి కొలిమి ఉంది. ఐఫిల్ టవర్‌కి ఇక్కడి ఇనుము వెళ్ళిందని ఈ ప్రాంతంలో అందరూ చెప్పుకుంటారు.

హునెదోవారా చేరేసరికి మధ్యాహ్నమైంది. టూరిస్టులంతా కోర్విన్ కోట కోసం వస్తారు. మేం బయట నుంచి చూసి ముందుకి పోయాం. నాకు చూడాలని ఉన్నది దాని అవతల ఉన్న ఖాళీ నేల. 1884లో మొదలైన ఉక్కు కర్మాగారం అక్కడ మైళ్ళ పొడుగునా ఉండేది. చాలా భాగం కూల్చేశారు. కొండల మీది ఊళ్ళని ఖాళీ చేసిన ఈ పట్నం కూడా ఇప్పుడు ఖాళీ అవుతోంది. 1992లో ఇక్కడ 81 వేల మంది ఉండేవాళ్ళు, 2021లో 50 వేలు. కొండ దిగి వచ్చినవాళ్ళ పిల్లలు ఇక్కడి నుంచి ఇటలీకి, జర్మనీకి, స్పెయిన్‌కి వెళ్ళారు.

లేలే కొడుకు నాలుగో అంతస్తులో ఉంటాడు. లిఫ్ట్ లేదు. ఆలుగడ్డల సంచి ముగ్గురం మార్చుకుంటూ మోశాం. అరవై దాటిన మనిషి. కర్మాగారంలో పనిచేసి, అది తగ్గిపోయాక దొరికిన పనల్లా చేసి, ఇప్పుడు పింఛను మీద ఉన్నాడు. సంచి విప్పి ఒక ఆలుగడ్డ తీసి వాసన చూశాడు. తర్వాత తల్లి గురించి ఒక్కొక్కటే అడిగాడు. కట్టెలు ఎన్ని వరసలు పేర్చి ఉన్నాయి? కుడి మోకాలు ఎలా ఉంది? ఆవుని అమ్మేస్తానందా? ముందు గదిలో పొయ్యి వెలిగించిందా?

వెలిగించింది అన్నాను.

"అయితే బాగానే ఉంది" అన్నాడు.

వంటింట్లోంచి ఒక అట్టపెట్టె తెచ్చాడు. అందులో కడిగి ఆరబెట్టిన ఖాళీ జామ్ సీసాలు, బీపీ మాత్రలు, టార్చ్‌లైట్‌కి బ్యాటరీలు. శనివారం ఎవరో పైకి వెళ్తున్నారట, వాళ్ళతో పంపాలి. పెట్టెకి తాడు కట్టి, మీద పెద్ద అక్షరాలతో ఆమె పేరు రాసి, తలుపు పక్కన పెట్టాడు.